బొమ్మ వేసే చెయ్యీ, వేషం కట్టే ఒళ్ళూ ఒకరివే అయితే

ప్రశ్న: "విశాఖలో బి.ఎఫ్.ఏ. పెయింటింగ్ ఆఖరి సంవత్సరం చదువుతున్నాను. ఇంటర్ నుంచీ నాటకాలు వేస్తున్నాను. ఈమధ్య రెండూ కలిపి పెర్ఫార్మెన్స్‌లు చేస్తున్నాను. 'రెండు పడవల మీద కాళ్ళు పెట్టావు, ఏదో ఒకటి తేల్చుకో' అంటున్నారు మా సారు. ఇంట్లోవాళ్ళు ఏదైనా స్కూల్లో డ్రాయింగ్ టీచర్‌గా చేరిపొమ్మంటున్నారు. ఇలా అన్నీ కలిపి చేసేవాళ్ళ కెరీర్ అసలు ఎలా నడుస్తుంది? డబ్బు ఎక్కణ్ణుంచి వస్తుంది?"

నువ్వు అనే అంటాను, ఏమీ అనుకోకు. నీ ఈడు కొడుకున్నాడు నాకు. హైదరాబాద్‌లో పెయింటింగ్ చదివాను. నాటకాలకు తెరలు వేశాను, టీవీ సీరియళ్ళకు సెట్ల పని చేశాను, పదకొండేళ్ళు ఒక స్కూల్లో డ్రాయింగ్ చెప్పాను. ఇవన్నీ చేస్తూనే ఇరవై ఆరేళ్ళుగా రంగునీ ఒంటినీ కలిపి పని చేస్తున్నాను. నాకు తెలిసినంత వివరంగా రాస్తాను, తీరిగ్గా చదువు.

ముందు మీ సారు అన్న పడవల సంగతి. ధర్మవరం దగ్గర నిమ్మలకుంట ఒకసారి వెళ్ళి చూడు, తోలుబొమ్మలాట వాళ్ళ ఊరు. తోలు కడిగి, ఎండబెట్టి, గీత గీసి, ఉలితో చిల్లులు కొట్టి, రంగులద్దిన చేతులే రాత్రికి తెర వెనక ఆ బొమ్మని ఆడిస్తాయి. పాటా వాళ్ళదే, మాటా వాళ్ళదే, కాళ్ళ కింద చెక్కల చప్పుడూ వాళ్ళదే. ఆ ఊరి దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ వచ్చింది. ఆయన్ని చిత్రకారుడనాలా, గాయకుడనాలా, ఆటగాడనాలా? తోలుబొమ్మలాటలో ఆ ప్రశ్నకే చోటు లేదు. అదే తెలంగాణలో గుడ్డ మీద కథంతా వేసే చేర్యాల పటం దగ్గరికొస్తే పద్ధతి వేరు. పటం వేసేది నకాషీ కుటుంబాలు, దాన్ని ఊరూరా తిప్పి కులపురాణం చెప్పేది కాకిపడగల వాళ్ళలాంటి కథకులు. వేసిన చెయ్యి వేరు, చెప్పిన నోరు వేరు. రెండు పద్ధతులూ తరతరాలుగా నడిచాయి.

నీది ఏ పద్ధతో తేల్చుకోడానికి నా దగ్గరికొచ్చే పిల్లల్ని నేనడిగే ప్రశ్నే నిన్నూ అడుగుతాను. నీ పెర్ఫార్మెన్స్‌లోంచి బొమ్మ గీయడం తీసేస్తే మిగతాది నడుస్తుందా? హాయిగా నడిస్తే నువ్వు నటుడివి, వేరేగా చిత్రకారుడివి కూడా. అప్పుడు మీ సారు మాటలో నిజం ఉంది, రెంటికీ సరిపడా టైం నీ దగ్గర ఉందా అని ఆలోచించాలి. బొమ్మ తీసేయగానే మొత్తం కూలిపోతే నీది ఒకటే పడవ. దాన్ని మధ్యకి కోయమంటే వినకు.

ఆ ఒకటే పడవ ఎంత దూరం పోగలదో చూడాలంటే నిఖిల్ చోప్రా దారి చూడు. మన దేశంలో ఈ రకం పనికి ఇంతకంటే చక్కగా కనబడే దారి నాకు తెలీదు. 1974లో కలకత్తాలో పుట్టారు. బరోడాలో ఎం.ఎస్. యూనివర్సిటీలో ఫైన్ ఆర్ట్స్, తర్వాత అమెరికాలో ఒహాయో స్టేట్ యూనివర్సిటీలో 2003లో ఎం.ఎఫ్.ఏ. అక్కడ చదివేటప్పుడే 'సర్ రాజా' అని ఒక పాత్ర కట్టారు, దొరల కాలపు సంస్థానాధీశుడి దర్పంతో. తిరిగొచ్చాక బొంబాయిలో ఉన్న రోజుల్లో ఇంకో పాత్ర పుట్టింది, 'యోగ్ రాజ్ చిత్రకార్'. ఆయన తాతగారు యోగ్ రాజ్ చోప్రా ప్రకృతి దృశ్యాలు వేసే చిత్రకారుడు. మనవడు తాత పేరు పెట్టుకుని, పాతకాలపు బట్టలేసుకుని, ఊళ్ళోకి నడిచి వెళ్ళి, కళ్ళకు కనిపించినదాన్ని గోడంత గుడ్డ మీదో కాగితం మీదో చార్‌కోల్‌తో గీస్తారు. మధ్యలో తింటారు, నిద్రపోతారు, గడ్డం గీసుకుంటారు, వేషం మారుస్తారు. ఒక గంటా రెండు గంటల ఆట కాదది, రోజుల తరబడి సాగుతుంది. మాట ఉండదు. ఆ ఒళ్ళు మారుతున్న కొద్దీ గోడ మీద బొమ్మ పెరుగుతుంది.

నేనడిగిన ప్రశ్న ఇక్కడ వేసి చూడు. గీయడం తీసేస్తే ఆ మనిషి ఊరికే వేషం వేసుకుని కూర్చున్నవాడవుతాడు. వేషం తీసేస్తే అది ఒక పెద్ద చార్‌కోల్ బొమ్మ, అంతే. రెండూ ఒకదాన్నొకటి పట్టుకుని నిలబడ్డాయి.

ఇక మజిలీలు. 2007లో శ్రీనగర్ లాల్ చౌక్‌లో నేల మీద గీశారు. 2009లో వెనిస్ బినాలే, అంటే రెండేళ్ళకోసారి జరిగే పెద్ద కళా ప్రదర్శన, అదే ఏడు న్యూయార్క్‌లో న్యూ మ్యూజియం. 2017లో జర్మనీవాళ్ళ డాక్యుమెంటా అనే పెద్ద కళా ప్రదర్శన కోసం ఏథెన్స్ నుంచి కాసెల్ దాకా ప్రయాణం కట్టి, దారిలో ఆగిన చోటల్లా గీస్తూ వెళ్ళారు. 2019 సెప్టెంబర్ 12 నుంచి 20 దాకా న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలోనే తొమ్మిది రోజులు ఉండిపోయారు, రాత్రి పడుకున్నదీ అక్కడే. ఎం.ఎఫ్.ఏ. అయిన ఆరేళ్ళకే వెనిస్ అంటే చాలా వేగం. నాకు తెలిసినవాళ్ళలో ఎక్కువమందికి మొదటి పదేళ్ళూ ఊళ్ళోవాళ్ళకి, తోటి కళాకారులకి తప్ప పేరు తెలీకుండానే గడిచాయి. ఆ వేగాన్ని కొలబద్దగా పెట్టుకుని దిగులుపడకు. నేను చూడమన్నది ఇంకోటి: 2007లో మొదలుపెట్టిన ప్రశ్ననే, అంటే ఒక చోటికి వెళ్ళి నా ఒంటితో ఆ చోటుని గీస్తే ఏమవుతుంది అనేదాన్నే, 2019లో కూడా అడుగుతున్నారు. సరుకు మార్చలేదు. ఊరు మారింది, గోడ పెద్దదయింది, వేషం మారింది. మనలో చాలామంది ఏడాదికో కొత్త ఐడియా పట్టుకుని, దేన్నీ మూడోసారి చెయ్యకుండా వదిలేస్తాం. మూడోసారి చేసినప్పుడే అది నీ పని అని చూసేవాళ్ళకి తెలుస్తుంది.

ఆ దారిలో నాకు బాగా నచ్చిన మలుపు ఇంకొకటుంది. 2014లో గోవాలో మాధవి గోరే, రొమేన్ లుస్తోలతో కలిసి హెచ్.హెచ్. ఆర్ట్ స్పేసెస్ అనే చోటు పెట్టారు, కళాకారులు వచ్చి ఉండి పని చేసుకోడానికి. 2025 డిసెంబర్ 12న మొదలైన ఆరో కొచ్చి ముజిరిస్ బినాలేకి క్యూరేటర్లు, అంటే ఎవరి పని పెట్టాలో ఎంచి కూర్చేవాళ్ళు, ఆయనా, ఆ సంస్థా. మనలాంటివాళ్ళ పనికి చోటు ఎవరూ ముందే కట్టి పెట్టరు. నలుగురం కలిసి కట్టుకోవాలి. నీ క్లాసులో నీలాంటివాళ్ళు ఇద్దరున్నా చాలు, ఇప్పుడే మొదలుపెట్టొచ్చు.

ఇక డబ్బు. పెర్ఫార్మెన్స్ అయిపోయాక గదిలో ఏం మిగులుతుంది? గోడ మీది బొమ్మ, విడిచిన బట్టలు, అరిగిన చార్‌కోల్ ముక్కలు, ఫోటోలు, వీడియో. గ్యాలరీ అమ్మగలిగేది, మ్యూజియం దాచగలిగేది వాటినే. ఫోటోనో వీడియోనో అయితే 'ఎడిషన్' అని కడతారు: ఇన్ని కాపీలే చేస్తాం, మూడో అయిదో, ప్రతిదానికీ నంబరు, సంతకం, సర్టిఫికెట్. ఒకసారి అయిదని చెప్పాక ఆరోది చెయ్యకూడదు. బొమ్మ అయితే బొమ్మగానే అమ్ముడుపోతుంది, కానీ అది ఎక్కడ, ఏ రోజు, ఎన్ని గంటల్లో పుట్టిందో చెప్పే కాగితం దానితో పాటు వెళ్ళాలి. దీనికి పూర్తిగా ఎదురు దారి టీనో సెగల్ అనే కళాకారుడిది. ఆయన ఫోటో తీయనివ్వరు, కాగితం రాయరు, తన పెర్ఫార్మెన్స్‌నే నోటరీ ముందు నోటిమాటగా అమ్ముతారు. న్యూయార్క్ ఆధునిక కళా మ్యూజియం కూడా 2008లో అలాగే ఆయన పని ఒకటి కొన్నది. అది ఆయన ఏళ్ళ తరబడి పట్టుబట్టి సాధించుకున్న పద్ధతి. మొదలుపెట్టేవాళ్ళు అనుకరించదగ్గది కాదు.

ఈ మిగులు సంగతి నాకు దెబ్బ తగిలాక తెలిసింది. 2004లో ఒక పాత మేడలో ఆరు గంటలు ముగ్గు వేశాను. వరి పిండితో, వెనక్కి వెనక్కి జరుగుతూ, వచ్చినవాళ్ళు తొక్కి చెరిపేస్తుంటే మళ్ళీ వేస్తూ. చివరికి నా చీర అంతా పిండి, మోకాళ్ళు దోక్కుపోయాయి, గదిలో జనం చప్పుడు చెయ్యకుండా నిలబడిపోయారు. నేను చేసినవాటిలో అదే మంచిదని ఇప్పటికీ అనుకుంటాను. వీడియో అంతా ఏర్పాటు చేసినవాళ్ళ హార్డ్ డిస్కులో ఉంచారు. వారం తర్వాత అడిగితే 'వచ్చే నెల' అన్నారు, ఆ తర్వాత డిస్కు పాడైపోయిందన్నారు. చీర నేనే ఉతికేసుకున్నాను. ఆరేళ్ళకి ఢిల్లీ నుంచి ఒక క్యూరేటర్ ఆ పని గురించి ఎవరో చెబితే విని, రికార్డు పంపమని అడిగారు. నా దగ్గర ఉన్నవి మసకగా ఉన్న మూడు ఫోటోలు. ఆ ప్రదర్శనలో నా పని పెట్టలేకపోయారు. ఆ చీర ఉతక్కుండా మడిచి పెట్టి ఉంటే, ఆ చీర ఒక్కటీ గోడకి వేలాడదీసినా సరిపోయేది.

అప్పటి నుంచి నా పద్ధతి ఇది. ఒక కెమెరా స్టాండు మీద కదలకుండా మొదటి నుంచి చివరిదాకా నడవాలి. ఇంకొకటి మనిషి చేతిలో, దగ్గరి ఫోటోలకి. రెండింటి కార్డులూ ఆ రాత్రే నా దగ్గరికొస్తాయి, తెల్లారేలోగా రెండు చోట్లకి కాపీ అవుతాయి. వాడిన బట్ట, పనిముట్టు, ఊడ్చిన ముక్కలు సంచిలో కట్టి, పేరూ తారీఖూ రాసి, ట్రంకు పెట్టెలో కలరా ఉండలేసి పెడతాను. ఒక నోటుబుక్కులో మొదలైన టైం, ముగిసిన టైం, ఎంతమంది వచ్చారు, మధ్యలో ఏం జరిగింది, నా ఒంట్లో ఎలా ఉంది, అన్నీ అదే రోజు రాస్తాను.

రికార్డు అనేది పనికి తోక అనుకోకు, పనిలో భాగమే అనిపించేలా చేసినవాడు టెచింగ్ షే. 1950లో తైవాన్‌లో పుట్టి, మొదట బొమ్మలు వేసి, ఓడలో పనికి చేరి, 1974లో అమెరికా తీరంలో ఓడ దిగి పారిపోయాడు. కాగితాలు లేవు. న్యూయార్క్ హోటళ్ళలో గిన్నెలు కడిగాడు, నేల తుడిచాడు. 1978 సెప్టెంబర్ నుంచి ఏడాది పాటు, పెర్ఫార్మెన్స్‌గానే, తన గదిలో కట్టుకున్న బోనులో ఉన్నాడు, చదవకుండా, రాయకుండా, మాట్లాడకుండా. 1980 ఏప్రిల్ 11 నుంచి మరో ఏడాది, ఫ్యాక్టరీల్లో హాజరుకి వాడే టైం క్లాక్ పెట్టుకుని పగలూ రాత్రీ గంట గంటకీ కార్డు పంచ్ చేశాడు. ఏడాదికి 8,760 గంటలు. అందులో 133 సార్లు తప్పాడు. నిద్రలో 94, ఆలస్యం 29, తొందరపడి ముందే కొట్టింది 10. ఈ లెక్క ఎవరో విమర్శకుడు కట్టింది కాదు, ఆయనే రాసిపెట్టుకున్నాడు. మొదట్లో గుండు చేయించుకుని, పంచ్ కొట్టినప్పుడల్లా ఒక ఫిల్మ్ ఫ్రేము తీశాడు. ఏడాది అంతా కలిపి చూస్తే ఆరు నిమిషాల సినిమా, అందులో జుట్టు భుజాల దాకా పెరుగుతుంది. కార్డుల మీద సాక్షి సంతకాలు. చేసిన రోజుల్లో పట్టించుకున్నది కొద్దిమందే. 2009లో న్యూయార్క్‌లో ఆధునిక కళా మ్యూజియం బోనునీ, గుగ్గెన్‌హైమ్ మ్యూజియం టైం క్లాకునీ చూపించాయి. 2017లో వెనిస్ బినాలేలో తైవాన్ తరఫున పెట్టింది ఆయన పనే. ముప్పై ఏళ్ళ తర్వాత ఆ గోడల మీదకి ఎక్కింది ఆయన ఒళ్ళు కాదు, ఆ కార్డులూ ఫోటోలూ. ఆ లెక్క చదివినప్పుడల్లా, ముఖ్యంగా తప్పిన 133 దాచకుండా రాసుకున్నందుకు, నాకు ఆయన మీద గౌరవం పెరుగుతుంది.

చాలామంది మన పిల్లలకి తెలియని ఒక చట్టం సంగతి. నీ పెర్ఫార్మెన్స్‌ని స్నేహితుడు ఊరికే ఫోటో తీస్తే ఆ ఫోటో మీద కాపీరైట్ అతనిది. నువ్వు డబ్బిచ్చి తీయించుకుంటే, వేరే ఒప్పందం లేకపోతే, నీది. కాపీరైట్ చట్టం 17వ సెక్షన్ చదువు. ప్రదర్శన మీద ప్రదర్శకుడిగా నీకున్న హక్కు 38వ సెక్షన్‌లో ఉంది, యాభై ఏళ్ళు ఉంటుంది. అయినా స్నేహితులతో గొడవలు కోర్టులో తేల్చుకునేవి కావు. ముందే ఒక పేజీ రాసుకోండి: ఫోటో కింద ఎవరి పేరు, అమ్మితే ఎవరికెంత, అసలు ఫైళ్ళు ఎవరి దగ్గర. నా స్నేహితులు ఇద్దరు ఈ కాగితం లేకనే పదేళ్ళు మాట్లాడుకోలేదు.

ఫోటోనే పని అయిన దారి కూడా ఉంది. పుష్పమాల ఎన్. బెంగుళూరు ఆవిడ, 1956లో పుట్టారు, బరోడాలో శిల్పం చదివారు. టెర్రకోట శిల్పాలకు జాతీయ స్థాయిలో పేరొచ్చాక, తొంభైల నడుమ, కెమెరా ముందు తానే వేషం కట్టడం మొదలుపెట్టారు. క్లేర్ ఆర్నీ అనే ఫోటోగ్రాఫర్‌తో కలిసి 2000 నుంచి 2004 దాకా దక్షిణ భారత స్త్రీల వేషాలు చేశారు: రవివర్మ పటంలో లక్ష్మి, పోలీసు స్టేషన్లో పలక పట్టుకున్న నిందితురాలు, తెల్లదొరలు కొలతలు తీసిన ఆదివాసీ స్త్రీ. నలభై దగ్గర పడుతుండగా మాధ్యమం మార్చారని గుర్తుపెట్టుకో. ఇరవై రెండేళ్ళకే అంతా తేలిపోవాలని ఏమీ లేదు.

జీవనం సంగతి ఉన్నదున్నట్టు చెప్తాను. అమ్మకం మీద బతికేవాళ్ళు ఈ రంగంలో చాలా తక్కువ. మిగతా అందరిదీ అతుకుల బొంత: కొంత పాఠం చెప్పడం, కొంత సెట్ల పని, ఒక గ్రాంటు, ఒక రెసిడెన్సీ (ఒక చోట కొన్నాళ్ళు ఉండి పని చేసుకోనివ్వడం), వర్క్‌షాపులు, ఎప్పుడో ఒక బొమ్మ అమ్మకం. బెంగుళూరు ఇండియా ఫౌండేషన్ ఫర్ ది ఆర్ట్స్ 1995 నుంచి గ్రాంట్లు ఇస్తోంది. ఢిల్లీలో ఖోజ్ అనే కళాకారుల సంస్థ 1997లో మొదలైంది, ఈ రకం పనికి మన దేశంలో ముందు తలుపు తీసిన చోట్లలో అదొకటి. ఇన్‌లాక్స్ ఫౌండేషన్ కుర్ర కళాకారులకు అవార్డులిస్తుంది, కేంద్ర సాంస్కృతిక శాఖ ఫెలోషిప్‌లు ఉన్నాయి, కొచ్చి బినాలేతో పాటు స్టూడెంట్స్ బినాలే జరుగుతుంది. ఎం.ఎఫ్.ఏ. చెయ్యాలనుకుంటే హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ సరోజినీ నాయుడు స్కూలు చూడు. చిత్రకళ, నాటకం, నృత్యం డిపార్ట్‌మెంట్లు ఒకే స్కూల్లో ఉంటాయి. పెయింటింగ్‌లో చేరినా సాయంత్రం నాటకం వాళ్ళ రిహార్సల్‌కి వెళ్ళి కూర్చోవచ్చు. నీలాంటివాడికి ఆ వరండానే సగం చదువు.

గ్రాంటుకి రాసేటప్పుడు 'నేను చిత్రకారుణ్ణి, నటుణ్ణి, కవిని, వీడియో కూడా చేస్తాను' అని జాబితా రాయకు. చదివేవాళ్ళకి ఏదీ గుర్తుండదు. నీ ప్రశ్న ఏమిటో రెండు వాక్యాల్లో రాయి. విశాఖలో ఉన్నావు, ఉక్కు ఫ్యాక్టరీ ఉంది, జాలరిపేటలున్నాయి, రేవు ఉంది. వాటిలో నీ ఒంటికి తగిలింది ఏదో, దాన్ని గీయడానికి చెయ్యి మాత్రమే ఎందుకు సరిపోలేదో చెప్పు.

ఇక ఫీజు. పగటివేషాలవాళ్ళు రోజుకో వేషం కట్టి ఊరంతా తిరిగి, ఆఖరి రోజున ఇంటింటికీ వచ్చి సంభావన పుచ్చుకునేవాళ్ళు. ఊరు వాళ్ళని ఎరుగును, వాళ్ళు ఊరిని ఎరుగుదురు, అందుకే అది సాగింది. నిన్ను పిలిచే సంస్థకి నీతో అలాంటి బంధం ఏమీ లేదు. సగం ముందు తీసుకో. సామాను ఖర్చు, ప్రయాణం, ఫోటోగ్రాఫర్ డబ్బులు ఫీజులో కలపకుండా వేరుగా రాయించు. 'మీకు మంచి గుర్తింపు వస్తుంది' అని ఫీజు ఎగ్గొట్టేవాళ్ళకి నేను మొదట్లో చాలాసార్లు తలూపాను. ఆ పనుల్లో ఒక్కటీ నాకు ఇంకో పని తెచ్చిపెట్టలేదు. తోటి కళాకారులు డబ్బులేసుకుని చేసే కార్యక్రమాలకి మాత్రం ఊరికే వెళ్ళు, సంతోషంగా వెళ్ళు.

ఒళ్ళు జాగ్రత్త. నటులకి వార్మప్ నేర్పుతారు, చిత్రకారులకి ఎవరూ నేర్పరు. మనం రెండో గుంపులోంచి వస్తాం. ఆరు గంటలు గొంతుక్కూర్చుంటే మోకాలు ఏమవుతుందో నాకిప్పుడు మెట్లెక్కేటప్పుడు తెలుస్తోంది. ఎంతసేపు చేస్తావో ముందే రాసుకో. ఆపమని చెప్పే అధికారం ఒక మనిషికి ఇచ్చి, ఆ మనిషిని ఎదురుగా నిలబెట్టుకో. రోడ్డు మీద చేస్తే ముందు పోలీస్ స్టేషన్‌కి వెళ్ళి కాగితం ఇచ్చి, దాని కాపీ జేబులో పెట్టుకో.

ఇంట్లోవాళ్ళ మాట. డ్రాయింగ్ టీచర్ ఉద్యోగం దొరికితే చేరమనే అంటాను. నా పదకొండేళ్ళ స్కూలు జీతమే నా పనికి మొదటి గ్రాంటు. ఏ కమిటీకీ దరఖాస్తు పెట్టుకోకుండా ప్రతి నెలా ఒకటో తారీఖున వచ్చింది. వేసవి సెలవులు నావే. ముగ్గు పని కూడా ఒక వేసవిలోనే చేశాను. కాకపోతే చేరేముందే వారంలో ఒక పూట నీదని అమ్మానాన్నలకి చెప్పి, ఆ పూట పెళ్ళిళ్ళకీ పేరంటాలకీ కూడా ఇవ్వకు. మొదటి ఏడాది ఇంట్లో మాటలు పడతావు. రెండో ఏడాదికి వాళ్ళే చుట్టాలకి చెప్తారు, 'ఆదివారం పొద్దున వాడికి పని ఉంటుంది' అని. మా అమ్మ అలాగే చెప్పేది.

ఇప్పటిదాకా చేసినవి ఎన్నో రాయలేదు నువ్వు. వాటి ఫోటోలు ఎవరెవరి ఫోన్లలో ఉన్నాయో ఈ వారంలోనే అడిగి తెచ్చుకో. వాడిన బట్టలు ఇంకా ఉతక్కపోతే అలాగే ఉంచు.